మైనస్ రెండు దగ్గర ఆగిన సన్నాయి

కూర్మనాథం మాస్టారిని "ఎలా?" అని అడిగితే సుద్దముక్క అందుకునేవారు. "ఎందుకు?" అని అడిగితే చెప్పులు తొడుక్కునేవారు. ఎలా అన్నదానికి సమాధానం నల్లబల్ల మీద దొరుకుతుందనీ, ఎందుకు అన్నదానికి మాత్రం ఊళ్లో ఎక్కడో ఉంటుందనీ, వెళ్లి చూసి రావాలనీ ఆయన నమ్మకం. ఆ నమ్మకం మాకు ఆకలి వేళల్లో బాగా పనికొచ్చేది. సాయంత్రం కాస్త పొద్దు వాలాక ఎవరో ఒకరం ముఖం అమాయకంగా పెట్టి, "రుణాన్ని రుణంతో గుణిస్తే ధనం ఎందుకవుతుందండీ?" అనేవాళ్లం. మాస్టారు చెప్పులు వెతుక్కునేవారు. పలాసలో ఆయన ఇంటి నుంచి ఎటు బయల్దేరినా రైల్వే గేటు తగులుతుంది. గేటు పక్కన మిరపకాయ బజ్జీల బండి తగులుతుంది. గణితంలో మాకు కలిగిన జ్ఞానోదయాల్లో సగానికి సగం శనగపిండి వాసన వేస్తాయంటే తప్పు మాది కాదు.

మేమందరం పంతుళ్లం కావాలని పరీక్షకు చదువుతున్నవాళ్లం. మాస్టారు రిటైరై చాలా కాలమైంది. ఒంటరి మనిషి. ఇంటి ముందు వసారాలో చాపలు పరిచి మాకు పాఠం చెప్పేవారు. బయటికి వెళ్లేటప్పుడు తలుపు దగ్గరికి వేసి, తాళం వేసే ముందు ఖాళీ ఇంట్లోకి ఒకసారి తొంగిచూసి "వెళ్లొస్తాను" అనేవారు. తాళంకప్పకి ఇంత మర్యాద చేసే మనిషిని మేం ఇంకెక్కడా చూడలేదు. వెనక నిలబడి నవ్వు ఆపుకోవడం ఆ వసారాలో మేం నేర్చుకున్న రెండో విద్య.

నీలవేణి మాత్రం నవ్వేది కాదు. మాలో అందరికన్నా చురుకైనది ఆమే. బీజగణితంలో కొట్టివేతలంటే ఆమెకు మహా ఇష్టం. లవంలోనూ హారంలోనూ ఒకే కారణాంకం కనబడితే చాలు, మేమైతే మీద సన్నటి గీత గీసి ఊరుకుంటాం, ఆమె డస్టరు తెచ్చి ఆనవాలు లేకుండా తుడిచిపారేసేది. "అమ్మా, గీత చాలు" అని మాస్టారు అనేవారు. "శుభ్రంగా ఉంటుంది కదండీ" అనేది. తుడిచిన చోట బల్ల మిగతా చోట్లకన్నా నల్లగా కనిపించేది. నేను "నీలవేణి ఇంటికి వెళ్తే గోడలు కూడా మిగలవేమో" అని ఒకసారి ఎగతాళి చేశాను. ఆమె నా వైపు చూసిన చూపుకి ఆ రోజంతా ఎగతాళి మానేశాను. ఒక్క రోజే లెండి.

ఆమె ఇంట్లో నిజంగానే గోడలు తప్ప ఎవరూ లేరు. తల్లి చిన్నప్పుడే పోయింది. తండ్రి తవిటయ్య కిందటి వానాకాలంలో పోయాడు. తవిటయ్య సన్నాయి మేళంలో ఒత్తు ఊదేవాడు. మేళంలో ఒత్తు అంటే రంధ్రాల మీద వేళ్లు ఆడించే పని లేని పొడుగాటి గొట్టం. మొదటి నుంచి చివరిదాకా ఒకటే స్వరం. సన్నాయిలు రెండూ ఎంత దూరం తిరిగినా ఆ స్వరం దగ్గరికే రావాలి. పెళ్లిళ్లలో జనం సన్నాయి వాళ్లకు నమస్కారం పెడతారు, డోలు వాడి చెయ్యి పట్టుకుని మెచ్చుకుంటారు. ఒత్తు ఊదిన మనిషి దగ్గరికి వచ్చి "ఆ ఒక్క స్వరం ఎంత బాగా ఊదావయ్యా" అన్నవాడు ఇంతవరకు పుట్టలేదు. తవిటయ్య వాళ్ల పక్కన, కొంచెం వెనగ్గా కూర్చుని, బుగ్గలు పూరించి ఊది, భోజనం చేసి ఇంటికి వచ్చేవాడు. అలా ఊదుతూనే కూతుర్ని డిగ్రీదాకా చదివించాడు.

ఆ మేళంలో సన్నాయిలు ఇద్దరు. ఒకడు గవరయ్య, తవిటయ్య చెల్లెలి భర్త. రెండోవాడు సన్యాసిరావు, తవిటయ్యకు చిన్నాన్న కొడుకు. ఇద్దరి సన్నాయిలదీ ఒక శ్రుతి కాదు, ఇద్దరి స్వభావాలదీ ఒక శ్రుతి కాదు. కుడి పక్క ఎవరు కూర్చోవాలన్న విషయం మీద మాటలు పోయి, కొన్నేళ్లపాటు తవిటయ్య ద్వారానే మాట్లాడుకున్నారు. "బావా, మీ తమ్ముడికి సెప్పు, పీక మార్చుకోమని." "అన్నా, మీ బావకి సెప్పు, తనదే మార్చుకోమని." ముగ్గురూ ఒకే చాప మీద కూర్చునే ఈ రాయబారం నడిచేది. తవిటయ్య ఒత్తు పట్టుకుని ఊదడం మొదలుపెట్టేవాడు. అప్పుడు ఇద్దరూ కిమ్మనకుండా సన్నాయి కొసన పెట్టి ఊదే ఆ పీకలు మార్చుకుని ఆ స్వరంలోకి వచ్చేవాళ్లు.

తవిటయ్య పోయాక, ఇంకా పెద్దకర్మ కాకముందే, వాళ్లు బరంపురం నుంచి ఒక శ్రుతి పెట్టె కొనుక్కొచ్చారు. మీట నొక్కితే చాలు, ఎంతసేపైనా అదే స్వరం. నీలవేణికి ఆ సంగతి తెలిసిన రోజు నుంచి మామయ్యతో మాటలు లేవు, చిన్నాన్నతో మాటలు లేవు. అదే వీధిలో అత్త రోజూ అన్నానికి పిలిచేది. ఈమె వెళ్లేది కాదు. ఏజెన్సీలో ఒక ఆశ్రమ పాఠశాలలో తాత్కాలికంగా ఉద్యోగం దొరికింది, నెల తిరగ్గానే వెళ్లిపోవాలి. "తాళం వేసి వెళ్తే మళ్లీ ఈ ఊరి మొహం చూడను. మా నాన్న ఇక్కడ బతికాడనడానికి గుర్తు ఏముంది? బజారులో దొరికే పెట్టె సరిపోయింది" అని మాలో ఒకరితో అందట. ఆ ఒకరు అందరితో అన్నారు. మేం మంచివాళ్లమే గాని, రహస్యాలు దాచడంలో కాస్త వెనకబడినవాళ్లం.

ఆ మంగళవారం మాస్టారు బల్ల మీద రాసిన లెక్క ఇది: 1/(x+2) + 4/(x²−4). హారాలు వేరు. కలపాలంటే ముందు రెండింటికీ ఒకే హారం రావాలి. నన్ను లేపారు. నేను ఉత్సాహవంతుణ్ణి, రెండు హారాల్నీ ఉన్నవున్నట్టు గుణించి (x+2)(x²−4) అని మేడ మీద మేడ కట్టాను.

మాస్టారు ఆ మేడ వైపు జాలిగా చూశారు. "రెండో హారాన్ని విడదియ్యి."

"(x+2)(x−2) అండీ."

"x+2 రెండింట్లోనూ ఉందా లేదా? ఒకే మనిషి రెండిళ్లకీ చుట్టమైతే, వాడు భోజనానికి వచ్చినప్పుడు రెండు విస్తళ్లు వేస్తావేమిట్రా?"

"వాడు తినగలిగితే వేస్తానండీ" అన్నాను. కూర్చోమన్నారు.

నీలవేణి వెళ్లింది. ఉమ్మడి హారం (x+2)(x−2) అని రాసింది. మొదటి భిన్నానికి పైనా కిందా x−2 లేదు గనక దాన్ని చేర్చింది. లవాలు కలిపితే x−2+4, అంటే x+2. పైన x+2, కింద (x+2)(x−2). ఆమె చేతికి డస్టరు వచ్చేసింది. పైన ఒకటి, కింద ఒకటి తుడిచేసింది. మిగిలింది 1/(x−2). పక్కన x ≠ 2 అని రాసి చేతులు దులుపుకుంది. చూడ్డానికి ముచ్చటగా ఉంది. అంత గందరగోళంలోంచి అంత చిన్న సమాధానం.

"ఇంకోటి రాయాలమ్మా" అన్నారు మాస్టారు. "x మైనస్ రెండు కూడా కాకూడదు."

"ఎందుకు కాకూడదండీ? x+2 ఏది? లేదు కదా. మైనస్ రెండు పెట్టి చూడండి, మైనస్ పావు వస్తోంది. ఏ అడ్డూ లేదు."

"మొదటి లెక్కలో పెట్టి చూడు."

"పెడితే హారం సున్నా అవుతుంది, తెలుసండీ. కానీ మొదటి లెక్క ఇప్పుడెక్కడుంది? తుడిచేశాం. మిగిలింది ఇది. ఉన్నదానికి ఏ ఇబ్బందీ లేదు, హాయిగా ఉంది." ఆమె గొంతు కొంచెం పెరిగింది. "పోయినవాళ్లు పోయారు. ఇంకా వాళ్ల పేరు చెప్పి షరతు ఎందుకు మాస్టారూ?"

x+2 ఎప్పటి నుంచి 'వాళ్లు' అయిందో మేమెవరం అడగలేదు. ఆమె కూడా తన మాట తానే విని, బల్ల వైపు తిరిగి నిలబడింది. మాస్టారు సుద్దముక్క గట్టు మీద పెట్టారు. చెప్పుల కోసం చూశారు. ఆ క్షణంలో బజ్జీలు ఎవరికీ గుర్తురాలేదు అని రాస్తే బాగుంటుంది. నాకు వచ్చాయి. కానీ సిగ్గుపడ్డాను.

"వెళ్లొస్తాను" అని ఖాళీ ఇంటితో చెప్పి మాస్టారు తాళం వేశారు. ఆయన, నీలవేణి ముందు, మేం నలుగురైదుగురం వెనక. జీడిపిక్కలు కాల్చే పొగ వాసన గాలిలో నిండి ఉంది. రైల్వే గేటు దాటి, బండి దగ్గర ఆగకుండానే మాస్టారు ఎడమకు తిరిగారు. నీలవేణి అక్కడే నిలబడిపోయింది. ఆ వీధి చివర గవరయ్య సెలూన్ ఉంది. మంగళవారం సెలూన్లకి సెలవు గనక ఆ రోజు మేళం వాళ్లు అందులోనే కూర్చుని వాయించుకుంటారు. వాయిద్యం చప్పుడు గేటు దాకా వినిపిస్తోంది.

"అక్కడికా? నేను రానండీ."

"ప్రశ్న నీదమ్మా" అన్నారు మాస్టారు. "సమాధానం కాపురం ఉన్నది అక్కడ. ఇల్లు మారమని దానికి చెప్పడం నా వల్ల కాదు."

ఆమె చాలాసేపు చెప్పు కొనతో కంకర కదుపుతూ నిలబడింది. తర్వాత నడిచింది, మాస్టారికి కాస్త దూరంగా.

సెలూన్ షట్టరు సగం దించి ఉంది. వంగి లోపలికి వెళ్లాం. రెండు పక్కలా నిలువుటద్దాలు. ఆ అద్దాల్లో గవరయ్యలూ సన్యాసిరావులూ వరసగా, వెనక్కి వెనక్కి, చిన్నవాళ్లవుతూ కూర్చుని ఉన్నారు. నేలమీద చాప వేసుకున్నారు. డోలు వాయించే భోగేశు గోడకి చేరగిలబడి ఉన్నాడు. వెనక, కొంచెం పక్కగా, ఒక కుర్చీ చేతుల మీద చిన్నపిల్లలకి జుట్టు కత్తిరించేటప్పుడు అడ్డంగా వేసే చెక్క ఉంది. ఆ చెక్క మీద శ్రుతి పెట్టె. ఎర్రటి చుక్క వెలుగుతోంది. అది ఎవరినీ చూడకుండా, ఎవరి కోసమూ కాకుండా తన పాటికి తాను మోగుతోంది.

గవరయ్య నీలవేణిని చూసి గబుక్కున లేచాడు. "ఓలమ్మ, నువ్వా! ఉండు, మీ అత్తకి సెప్పొస్తాను, ఇవాళ ఆనపకాయ పులుసు..."

ఆమె పెట్టె వైపు చూస్తోంది.

"మీరు కానివ్వండి గవరయ్యా" అన్నారు మాస్టారు. "మేం వినడానికొచ్చాం."

వాళ్లు అప్పగింతల వేళ వాయించే పాట మొదలుపెట్టారు. పిల్లని సాగనంపే పాట. అది వింటే పెళ్లికొడుకు తరఫు వాళ్లు కూడా ముక్కు ఎగబీలుస్తారు. రెండు సన్నాయిలూ ఒకదాని భుజం మీద ఒకటి చెయ్యి వేసుకున్నట్టు నడుస్తున్నాయి. పల్లవి పూర్తయింది. అక్కడ ఇద్దరూ ఒక్కసారే ఆగారు. పీకలు పెదవుల నుంచి విడిపోయాయి. భోగేశు చెయ్యి గాలిలో ఉండిపోయింది. ఒక ఊపిరి తీసుకునేంతసేపు ఆ గదిలో పెట్టె ఒక్కటే మోగింది, తోడు వచ్చినవాళ్లు వెళ్లిపోయిన మనిషిలా. మళ్లీ ముగ్గురూ అందుకుని పాట ముగించారు.

"మధ్యలో ఎందుకు ఆగారు?" అంది నీలవేణి. వానాకాలం తర్వాత ఆమె వాళ్లతో ఆడిన మొదటి మాట అది.

"ఎక్కడ ఆగేం?" అన్నాడు గవరయ్య.

"పల్లవి అయ్యాక."

"నానాగలేదే. ఏరా సన్యాసీ, నువ్వాగేవేటి?"

"నువ్వాగితే నానాగేను బావా."

"నువ్వు పీక తీసీసేవు, అందుకని నాను..."

"అదిగో, మొదలెట్టీసేడు. తప్పేదైనా సన్యాసిరావుదే!"

తవిటయ్య లేడు గనక ఇప్పుడు ఇద్దరూ ఒకళ్లనొకళ్లు సూటిగానే తిట్టుకోగలుగుతున్నారు. అద్దాల్లో ఉన్న గవరయ్యలందరూ అద్దాల్లో ఉన్న సన్యాసిరావులందరి మీదా చేతులు ఊపుతున్నారు. నీలవేణి వాళ్ల మాటకు అడ్డం వచ్చింది. "పాట అలా ఉండదు కదా. ఈ పెట్టెకి ఊపిరి తీసుకునే పని కూడా లేదు. మరి ఎవరి కోసం ఆగారు?"

అప్పటిదాకా డోలు తాళ్లు సవరించుకుంటున్న భోగేశు తలెత్తకుండానే అన్నాడు. "తవిటన్న అక్కడే ఊపిరి తీసుకునీవోడు కదేటి."

ఇద్దరూ నోళ్లు మూశారు. వాళ్ల ముఖాలు చూస్తే అప్పుడే ఎవరో చెప్పి తెలిసినట్టుంది, వాళ్లు చేస్తున్న పని వాళ్లకే. గవరయ్య చాప మీద కూలబడ్డాడు.

"ఒత్తు మజ్జిలో తెగకూడదమ్మా" అన్నాడు, ఆమె వైపు చూడకుండా. "బుగ్గల్లో గాలి నిలబెట్టుకుని, ముక్కుతో పీల్చుకుంటూ ఊదాల. ఆఖరి రోజుల్లో మీ నాన్నకి గాలి నిలిచీది కాదు. నలుగుర్లో ఒత్తు తెగితే ఆడికి నామోషీ. అందుకని మేం కూడా ఆగిపోయీవోళ్లం. అందరం ఒకేపాలి ఆగితే జనం అది పాటలో ఉన్నదే అనుకుంటారు. అనుకున్నారు కూడా. ఆ ఆగడం చాలా బాగుందని ఒకాయన నాకు శాలువా కప్పేడు."

"నాకెవరూ చెప్పలేదు."

"సెప్పొద్దన్నాడు. తెలిస్తే మా నీలు ఒత్తు మానిపించీస్తాది అన్నాడు."

"మీరిద్దరూ మాట్లాడుకోని రోజుల్లో కూడానా?"

"మాటల్లేకపోతే ఏటి?" అన్నాడు సన్యాసిరావు. "ఎనకాల మనిషికి ఊపిరాడకపోతే తెలీదేటి?"

ఆమె పెట్టె దగ్గరికి వెళ్లి నిలబడింది. "మరి ఇది? పెద్దకర్మ అయ్యేదాకా కూడా ఆగలేకపోయారు."

గవరయ్య తలకు చుట్టుకున్న తువ్వాలు తీసి మొహం తుడుచుకున్నాడు. "పెద్దకర్మకి ముందే ఒక పెళ్లి మేళం ఉంది, అది ఒప్పుకున్నది మీ నాన్నే. మాటిచ్చేసి పోయేడు. పెళ్లివోళ్లు టెక్కలి నుంచి ఒత్తు మనిషిని తెచ్చుకోమన్నారు. వచ్చేడు కూడా, మంచోడే. ఇక్కడే, ఈ చాప మీద, వెనకాల కూకోబోయేడు. నాను కూకోనివ్వలేదు. ఎందుకో నాకే తెలీదు. ఛార్జీ ఇచ్చి పంపీసి పెట్టె కొన్నాం. పెట్టయితే..." ఆగి, మాట వెతుక్కున్నాడు. "పెట్టయితే మనిషి కాదు గదా."

నాలాంటి వాడికి కూడా ఏ ఎగతాళీ తోచలేదంటే ఆ గది ఎలా ఉందో మీరే ఊహించుకోండి.

నీలవేణి మాత్రం అంత తేలిగ్గా ఓడిపోయే మనిషి కాదు. లెక్కలు చేసేవాళ్ల మొండితనం అది. "సరే" అంది. "అప్పుడు ఆయనకి ఊపిరి ఆడక ఆగారు. ఇప్పుడు ఆ అవసరం లేదు. ఆగకుండా ఊదండి. ఏమవుతుందో చూస్తాను."

"ఏటవుతాది, ఊదీగలం" అన్నాడు సన్యాసిరావు, పీక తడిచేసుకుంటూ.

మళ్లీ మొదలుపెట్టారు. పల్లవి హాయిగా నడిచింది. ఆ చోటు దగ్గరికి వచ్చేసరికి సన్యాసిరావు పంతంగా ముందుకు పోయాడు. గవరయ్య కూడా పోబోయాడు, ఊపిరి అందలేదు. స్వరం కీచుమని విరిగింది. దాన్ని అందుకోబోయి సన్యాసిరావు ఇంకెక్కడికో వెళ్లాడు. భోగేశు ఇద్దరిలో ఎవరి వెనక వెళ్లాలో తెలియక రెండు దెబ్బలు గాల్లో కొట్టాడు. రెండు సన్నాయిలూ పాతరోజుల్లోలాగా ఒకటి తూర్పు, ఒకటి పడమర అయిపోయాయి. పెట్టె మాత్రం ఏమీ జరగనట్టు మోగుతూనే ఉంది. దాని తప్పేం లేదు. దాని వరకు అంతా సరిగ్గానే ఉంది.

సన్నాయిలు దించేశారు. ఈసారి ఒకరినొకరు తిట్టుకోలేదు.

మాస్టారు కుర్చీల పక్కన నిలబడి, అద్దంలో తన ముఖం కాకుండా తన పక్కన ఖాళీగా ఉన్న చోటు చూస్తున్నారు. నీలవేణి ఆయన వైపు చూసింది. మేమందరం కూడా చూశాం, ఏదైనా అంటారేమోనని. ఆయన చెప్పులో దూరిన రాయి విదిలించుకున్నారు.

"మళ్లీ ఊదండి చిన్నాన్నా" అంది ఆమె. "మీరు ఊదేటట్టే ఊదండి."

పాట మూడోసారి మొదలైంది. ఆమె పెట్టె ఉన్న కుర్చీ పక్కనే, వాళ్లకు కొంచెం వెనగ్గా, నేలమీద కూర్చుంది. పల్లవి సాగింది. ఆ చోటు వచ్చింది. పీకలు పెదవుల నుంచి విడివడ్డాయి. భోగేశు చెయ్యి లేచి ఆగింది. అప్పుడు ఆమె చెయ్యి చాచి మీట నొక్కింది. పెట్టె కూడా ఆగిపోయింది.

ఆ సెలూన్‌లో అంతకుముందు ఎప్పుడైనా అంత నిశ్శబ్దం ఉందో లేదో నాకు తెలియదు. వీధిలో ఎవరో సైకిలు బెల్లు కొట్టారు. అద్దాల్లో ఉన్న మనుషులందరూ, ఎంత వెనక ఉన్నవాళ్లయినా, కదలకుండా ఉన్నారు. ఆమె కళ్లు మూసుకుని ఒక ఊపిరి, ముసలివాడు తీసుకునేంత నిదానంగా, తీసుకుంది. వదిలింది. మీట మళ్లీ నొక్కింది. సన్నాయిలు రెండూ ఆ స్వరంలోకి వచ్చాయి, ముందే చెప్పుకున్నట్టు, ఒక్కసారే.

పాట అయ్యాక గవరయ్య ముక్కు తుడుచుకుంటూ పీకలో ఏదో ఇరుక్కుందని సాకు చెప్పాడు. సన్యాసిరావుకి కూడా సరిగ్గా అదే ఇరుక్కుంది. ఆ ఇద్దరికీ ఒకే విషయంలో ఏకాభిప్రాయం కుదరడం చూసిన భోగేశు నా వైపు చూసి కన్నుగీటాడు.

నీలవేణి లేచి చీర దులుపుకుంది. "మామయ్యా, పులుసు ఉంచమని అత్తకి చెప్పు. పాఠం అయ్యాక వస్తాను." షట్టరు కింద వంగబోయి ఆగి, లోపలికి తిరిగింది. గవరయ్య వైపు కాదు, సన్యాసిరావు వైపు కూడా కాదు, కుర్చీ పక్కన తాను కూర్చున్న ఆ చోటు వైపు. "వెళ్లొస్తాను" అంది.

మేమెవరం నవ్వలేదు. మాస్టారు మాత్రం అప్పటికే బయట ఉన్నారు, వినలేదేమో.

తిరుగుదారిలో బజ్జీల బండి దగ్గర మాస్టారు తనంతట తానే ఆగి అందరికీ ఇప్పించారు. కారం ఎక్కువైందని నేను కళ్లు తుడుచుకున్నాను. మిగతా వాళ్లూ అదే చెప్పారు. ఆ రోజు బండివాడు పాపం చాలా మాటలు పడ్డాడు.

వసారాలో దీపం వేసేసరికి బల్ల మీద లెక్క అలాగే ఉంది: 1/(x−2), పక్కన x ≠ 2. పైన, x+2 ఉండిన చోట రెండు నల్లటి మచ్చలు. నీలవేణి సుద్దముక్క తీసుకుంది. ముందు ఆ మచ్చల్లో పైన ఒక x+2, కింద ఒక x+2 మళ్లీ రాసి, ఒక్కొక్కదాని మీద సన్నటి గీత గీసింది, కింద అక్షరాలు కనిపించేలా. తర్వాత సమాధానం దగ్గరికి వచ్చి చెయ్యి ఎత్తి ఆగింది.

"మైనస్ రెండు సంగతి ఎక్కడ రాయాలి మాస్టారూ? సమాధానంలో దానికి చోటు లేదు కదా."

మాస్టారు చెప్పులు విడిచి గోడవారగా పెట్టుకుంటున్నారు.

"పక్కన రాయమ్మా" అన్నారు. "మీ నాన్న కూర్చునేదీ పక్కనేగా."